మంచోడా, మొండోడా

ఆమెకు అమ్మానాన్నలు పెట్టిన పేరు ఒకటుంది గానీ, సినిమా వాళ్లలో చాలామందికి అది తెలియదు. పన్నెండేళ్లుగా సెట్లో అందరూ ఆమెను భూతద్దం అనే పిలుస్తున్నారు. మొదట్లో రోషం వచ్చేది. పోనుపోను అలవాటు పడి, ఎవరైనా అసలు పేరుతో పిలిస్తే తనను కాదనుకుని పట్టించుకోవడం మానేసింది.

ఆమె ఉద్యోగాన్ని కంటిన్యూటీ అంటారు. సినిమాలో ఒక సన్నివేశాన్ని ముక్కలుముక్కలుగా తీస్తారు. పొద్దున కొంత, మధ్యాహ్నం కొంత, తీరికైతే వారం తరవాత మిగతాది. పొద్దున హీరో కుడిచేత పట్టుకున్న కప్పు మధ్యాహ్నానికి ఎడమచేతిలోకి మారకూడదు. తెరిచి ఉన్న తలుపు తనంతట తాను మూసుకోకూడదు. ఇవన్నీ చూసుకోవడం ఆమె పని. ఒళ్లో ఒక లావుపాటి పుస్తకం పెట్టుకుని, ఎవరు ఎటు నిలబడ్డారు, చేతిలో ఏముంది, ఏ మాట దగ్గర తల తిప్పారు అన్నీ రాసుకుంటుంది. ఆమె కన్నుగప్పి గుండీ కూడా ఊడలేదని సెట్లో చెప్పుకుంటారు.

అలాంటి మనిషికి ముప్పై మూడో ఏట పెళ్లి కుదిరింది. కుదిర్చింది పెద్దమ్మ. వరుడు కళ్లజోళ్ల దుకాణం నడుపుతాడు. ఆ కబురు తెలిసిన రోజు లైట్ల వాళ్ల నుంచి మేకప్ వాళ్ల దాకా అందరూ, "భూతద్దానికి కళ్లజోడు దొరికిందిరా!" అని పగలబడి నవ్వారు. ఆమె కూడా నవ్వింది. అతను ఆమెకు మొదటి చూపులోనే నచ్చాడు. మొదటిసారి కలిసినప్పుడు ఆమె చెబుతున్నది మధ్యలో ఆపకుండా చివరిదాకా విన్నాడు. అలా వినే మగవాణ్ణి ఆమె సెట్లో ఒక్కణ్ణి కూడా చూడలేదు.

అప్పుడు తీస్తున్న సినిమా కూడా పెళ్లి గొడవల కథే. ప్రేమించుకున్న ఇద్దరి పెళ్లి మాట ఖాయమయ్యాక రెండు కుటుంబాలూ మాటామాటా పెంచుకుని, పెళ్లి ఆగిపోయేదాకా తెచ్చుకునే నవ్వుల సినిమా. పగలంతా ఆ గొడవలకు కాపలా కాసి, సాయంత్రం ఇంటికెళ్లేసరికి ఆమె ఇంట్లో అసలు గొడవలు ఎదురుచూస్తూ ఉండేవి.

రెండు ఇళ్ల మధ్యా మాటలు మోసేది పెద్దమ్మే. ఆమె ఇల్లు సరిగ్గా రెండిళ్లకీ సగం దూరంలో ఉంది. పైగా ముప్పయ్యేళ్లు టెలిఫోన్ ఎక్స్‌ఛేంజిలో పనిచేసిన మనిషి. ఊళ్లో వాళ్ల మాటలన్నీ తన చెవి మీదుగానే వెళ్లేవని గొప్పగా చెప్పుకునేది. "ఒక్క అక్షరం అటూ ఇటూ పోయిందన్న ఫిర్యాదు లేదు నా సర్వీసులో" అనేది. అందుకే సంబంధం విషయంలో ఏదైనా నేరుగా అడగడానికి మొహమాటపడి, పెద్దవాళ్లంతా ఆమె ఇంటికి వెళ్లి ఆమెతో చెప్పుకునేవారు.

మొదటి మాట హాలు గురించి వచ్చింది. నాన్న నగర బస్సు డ్రైవరుగా రిటైరయ్యాడు. బస్సులో 'డ్రైవరుతో మాట్లాడరాదు' అని రాసి ఉండే నియమాన్ని ఆయన ఇంట్లో కూడా అమలు చేసేవాడు. అంత తక్కువ మాట్లాడే మనిషి, పాతిక హాళ్లు తిరిగి, ఎనభై మందికి సరిపోయే చక్కటి హాలు చూసిపెట్టాడు. పెద్దమ్మ వియ్యపురాలిని వెంటబెట్టుకెళ్లి దాన్ని చూపించి వచ్చింది. వచ్చి కుర్చీలో కూలబడి, "హాలు చిన్నదిట. చాలదుట" అంది.

నాన్న ఏమీ అనలేదు. లేచి వెళ్లి బాల్కనీలో నిలబడ్డాడు. ఆయన వీపు చూస్తేనే తెలిసింది, మనసు ఎంత నొచ్చుకుందో.

రెండోది ఇంకా పెద్ద పిడుగు. "అమ్మాయిని ఉద్యోగం మానమని చెప్పండి, అంది వాళ్లమ్మ" అని కబురు మోసుకొచ్చింది పెద్దమ్మ. అమ్మకు ఒళ్లు మండిపోయింది. "అమ్మాయి ఆలోచించుకుంటుందని చెప్పు అక్కా" అని మాత్రం అంది. భూతద్దం ఆ పూట అన్నం తినలేదు. అతనికి ఫోన్ చేసి అడుగుదామని నాలుగుసార్లు నంబరు నొక్కి, నాలుగుసార్లూ ఆపేసింది. అడిగితే 'అవును' అంటాడేమోనని భయం. ఊళ్లో వాళ్ల గుండీలన్నీ లెక్కపెట్టే మనిషికి, తన బతుకు గురించి ఒక్క ప్రశ్న అడగడానికి నోరు రాలేదు.

పెళ్లి పది రోజులుందనగా, సెట్లో హీరోకీ హీరోయిన్‌కీ పేచీ వచ్చింది. అదీ సినిమాలో కాదు, నిజంగానే. కథలో హీరో కోపంగా ఒక మాట అని వెళ్లిపోవాలి. ముందు రోజు సగం తీశారు. ఆ మాట ఏ చోట నిలబడి అన్నాడో ఇద్దరికీ పడలేదు.

"సోఫా దగ్గరన్నాను" అన్నాడు హీరో.

"సోఫా దగ్గర నేనున్నాను. నువ్వెక్కడో ఉన్నావు" అంది హీరోయిన్.

భూతద్దం పుస్తకం తెరవకుండానే లేచింది. "ఏమన్నారో గుర్తు తెచ్చుకోకండి సార్. మీ చెయ్యి ఎక్కడుందో గుర్తు తెచ్చుకోండి. అదే మాట అనండి" అంది.

హీరో విసుక్కుంటూ గదిలో రెండడుగులు వేశాడు. చెయ్యి దానంతటదే పోయి కిటికీ గడియ మీద వాలింది. నోట్లోంచి మాట సాఫీగా వచ్చేసింది. ఆ తరవాత పుస్తకం తెరిచి చూపించింది. 'కిటికీ. కుడిచెయ్యి గడియ మీద.' హీరో చెవులు ఎర్రబడ్డాయి. సెట్టంతా గొల్లుమంది.

దర్శకుడు మాత్రం నవ్వలేదు. గడ్డం గోక్కుంటూ కూర్చున్నాడు. ఆయన బాధ ఆయనది. క్లైమాక్సు కుదరలేదు. నాలుగు రకాలుగా రాయించాడు, నాలుగింటిలోనూ హీరో ఆయాసపడుతూ బస్టాండుకో ఇంకెక్కడికో పరిగెడతాడు. "నువ్వు ఈ కథలో ఉంటే నా సినిమా పావుగంటలో అయిపోయేది కదమ్మా" అన్నాడు నీరసంగా. "వీళ్ల గొడవంతా ఎవరు ఏమన్నారన్నదేగా. నువ్వొచ్చి పుస్తకం తీస్తే ఇంక సినిమా ఏముంది?"

ఆ మాట ఆమె చెవిలో గింగిరాలు తిరుగుతూ ఉండగానే ఫోన్ మోగింది. అమ్మ. ఏడుపులో మాటలు తడిసిపోయి సగమే వినిపిస్తున్నాయి.

"పెళ్లి లేదే ఇంక... పెద్దమ్మ వచ్చి చెప్పింది... వాళ్లకి మన సంబంధం ఇష్టం లేదుట..."

ఆమె చేతిలోంచి పుస్తకం జారి కింద పడింది. దాన్ని తీసి దుమ్ము దులుపుతూ ఉండగా ఆమెకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. ముందు తన మీద తనకే వచ్చింది. ఒక పూట సెలవు పెట్టి నేరుగా కళ్లజోళ్ల దుకాణానికి వెళ్లింది.

అతను ఒక పెద్దాయనకు చూపు పరీక్ష చేస్తున్నాడు. ఆయన ముక్కు మీద పరీక్ష ఫ్రేమూ, ఎదురుగా గోడ మీద అక్షరాల పలకా ఉన్నాయి. ఆమెను చూడగానే అతని చేతిలో అద్దం ఆగిపోయింది.

"మీ అమ్మగారు మా సంబంధం ఇష్టం లేదన్నారట" అంది ఆమె, గుమ్మంలోంచే.

"మా అమ్మా? మూడు రోజులుగా మీ ఇంటి నుంచి కబురు లేదని తనే గుమ్మంలో కూర్చుంటోంది" అన్నాడు అతను. "ఇష్టం లేనిది మీకేమో అనుకున్నాం. నేను మొండివాణ్ణట కదా. మీ నాన్నగారు అన్నారట."

"మా నాన్న వారానికి రెండు మాటలు మాట్లాడతాడు. అందులో ఒకటి నిన్ను తిట్టడానికి వాడతాడా?"

"మరి నువ్వు ఉద్యోగం మానేస్తానని ఎందుకనుకున్నావ్? నాతో ఒక్క మాట అనలేదే."

"నేననుకోవడమేంటి? మానమన్నది మీరేగా!"

"మానొద్దన్నాం! మా అమ్మ ప్రత్యేకంగా చెప్పించింది, ఏం జరిగినా మానొద్దని. దానికి 'అమ్మాయి ఆలోచించుకుంటుంది' అని జవాబొచ్చింది. అయితే మానడానికే నిశ్చయించుకుందనుకున్నాం."

ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. కుర్చీలో పెద్దాయన అద్దాల్లోంచి ఇటూ అటూ తల తిప్పుతున్నాడు.

"కింది వరస చదవగలరా అండీ?" అని అడిగాడు అతను, తేరుకుని.

"అది కనపడట్లేదు గానీ, మీరు కానివ్వండి బాబూ" అన్నాడు పెద్దాయన. "ఇది బాగుంది."

ఆమెకు నవ్వు తన్నుకొచ్చింది. నవ్వుతూ నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది. "నేను అడగాల్సింది. అడగలేదు. తప్పు నాదే" అంది.

"నేను మాత్రం అడిగానా? రోషం పెట్టుకుని కూర్చున్నాను. మొండివాడన్నది నిజమేనేమో" అన్నాడు అతను. "సరే, ఇప్పుడేం చేద్దాం?"

"అందరినీ ఒక గదిలో కూర్చోబెడదాం. ఎవరేమన్నారో రాసుకుంటాను."

కానీ ఏ గదిలో? ఆడపిల్లవాళ్ల ఇంటికి రామని వాళ్లూ, మగపిల్లవాడి ఇంటికి పోమని వీళ్లూ భీష్మించుక్కూర్చున్నారు. చివరికి ఆమె దర్శకుణ్ణి అడిగింది. ఆదివారం షూటింగు లేదు. సినిమాలో ఇల్లుగా వేసిన సెట్టు ఖాళీగా ఉంది. దర్శకుడు కళ్లు పెద్దవి చేసి, "వాడుకో. నేను గోడవతల లైట్లు సర్దుకుంటూ ఉంటాను. నన్ను లేననుకో" అన్నాడు.

ఆదివారం పదకొండింటికి రెండు కుటుంబాలూ, గోడ లేని కెమెరా వైపు నుంచి, ఆ బొమ్మ ఇంట్లోకి అడుగుపెట్టాయి. వియ్యపురాలు హెడ్మాస్టరుగా చేసి రిటైరైన మనిషి. నిటారుగా నడుస్తుంది, ఎదుటివాళ్లని కూడా నిటారుగా కూర్చోబెడుతుంది. వస్తూనే గోడగడియారం చూసి, "నాలుగూ పదా? తప్పు" అంది. అది ఎప్పుడూ నాలుగూ పదే చూపిస్తుందని భూతద్దం చెప్పింది. వియ్యంకుడు గోడకు చారగిలబడబోతే గోడ ఊగింది. ఆయన హడలిపోయి, ఆ తరవాత గది మధ్యలో స్టూలు మీద చేతులు కట్టుకుని కూర్చున్నాడు. అమ్మ అప్పటికే రుమాలు తీసింది. నాన్న కిటికీలోంచి బయటికి చూస్తున్నాడు. ఆ కిటికీ బయట ప్లైవుడ్ తప్ప ఏమీ లేదు.

పెద్దమ్మను మధ్యలో సోఫాలో కూర్చోమన్నారు. ఆమె ఒప్పుకోలేదు. ఎడంచేతి గోడకు ఆనుకుని ఉన్న ఒంటి కుర్చీలో కూర్చుంది. అందరూ ఆమెకు కుడివైపున పడ్డారు. భూతద్దం కన్ను అది చూసింది గానీ, బుర్ర ఇంకా అందుకోలేదు.

"అమ్మా, ఏడవకు. ఏడిస్తే టేకు పాడవుతుంది" అని, ఆమె పుస్తకం తెరిచి గీతలు కొట్టింది. ఎవరన్నారు, ఎక్కడన్నారు, చేతిలో ఏముంది, పెద్దమ్మ ఎటువైపుంది. "అత్తయ్యగారూ, మీతో మొదలుపెడదాం. హాలు చూసిన రోజు ఏమన్నారో గుర్తు చేసుకోకండి. మీ చేతిలో ఏముంది?"

"గొడుగు" అంది హెడ్మాస్టరమ్మ ఠక్కున. "కుడిచేతిలో. దాన్ని ఎడమచేతిలోకి మార్చుకున్నాను, మీ పెద్దమ్మగారికి తగులుతుందని. ఆవిడ నా కుడిపక్క నడుస్తోంది."

"లేచి నడవండి. అలాగే."

ఆవిడ లేచింది. లేని గొడుగును చేతులు మార్చుకుంది. నాలుగడుగులు వేసి, పైకప్పు కేసి తలెత్తి, "మనకింత హాలెందుకండీ, చిన్నదైనా చాలు" అంది. అని, తన మాట తనకే స్పష్టంగా వినపడ్డట్టు ఆగిపోయింది. "అదీ నేనన్నది!"

"చాలు అన్నారా?" నాన్న ప్లైవుడ్ కేసి చూడడం మానేశాడు. "చాలదు అన్నారని..."

"ఎందుకంటాను అన్నయ్యగారూ? అంత వెలుతురున్న హాలు నా జన్మలో చూడలేదు."

నాన్న మొహం మెల్లగా విచ్చుకుంది. భూతద్దం రాసుకుంది. హెడ్మాస్టరమ్మకు పెద్దమ్మ కుడిపక్క. అంటే పెద్దమ్మకు ఆవిడ ఎడమపక్క.

"నాన్నా, ఇప్పుడు నువ్వు. అల్లుడి గురించి పెద్దమ్మతో ఒక మాటన్నావట."

నాన్న ఇబ్బందిగా కదిలాడు. "వదినగారు టీ కలుపుతున్నారు. నేను ఆవిడకి ఎడమపక్క, స్టవ్వు దగ్గర గోడకి ఆనుకున్నాను" అన్నాడు. ఈ గోడకు ఆనకూడదని గుర్తొచ్చి, ఆనినట్టు మాత్రం ఒంగి నిలబడ్డాడు. "ఆవిడ అడిగారు, కుర్రాడు నచ్చాడా అని. నేనన్నాను..."

గదిలో అందరూ ముందుకు వంగారు.

"మంచోడు, అన్నాను."

"మంచోడా!" వియ్యంకుడు స్టూలు మీంచి లేచేశాడు. "మొండోడు అన్నారని చెప్పారు బావగారూ! మా వాడు రెండు రోజులు అద్దం ముందు నిలబడి, నేను మొండివాణ్ణా నాన్నా అని అడిగాడు!"

"ఇంట్లో విషయాలు చెప్పకు నాన్నా" అన్నాడు కళ్లజోళ్ల అతను.

మూడోదీ నాలుగోదీ ఒకే చోట దొరికాయి. పెద్దమ్మ ముందుగదిలో, ఆమె కుర్చీకి ఎడమపక్క ఉన్న బల్ల మీద కూర్చుని హెడ్మాస్టరమ్మ వేరువేరు రోజుల్లో అన్నవి. ఒకటి, "ఉద్యోగం మానొద్దని చెప్పండి." రెండోది, ఆడపిల్లవాళ్ల ఇంటి నుంచి జవాబులు బిగుసుకుపోవడం చూసి బెంగపడి వెళ్లి అన్నది. "ఏమైనా గానీ, మీ సంబంధం వదులుకోవడం నాకు ఇష్టం లేదు."

"వదులుకోవడం ఇష్టం లేదా!" అని అమ్మ రుమాలు నోటికడ్డం పెట్టుకుంది. "అయ్యో వదినగారూ!"

భూతద్దం కలం కాగితం మీద ఆగింది. నాలుగు వరసల్లోనూ చివరి గడిలో ఒకటే మాట ఉంది. ఎడమ. ఎడమ. ఎడమ. ఎడమ. అమ్మ చెప్పిన 'ఆలోచించుకుంటుంది' ఒక్కటే చెక్కుచెదరకుండా చేరింది. అది ఫోన్‌లో చెప్పింది. పెద్దమ్మ ఫోన్ ఎప్పుడూ కుడిచెవికే పెట్టుకుంటుంది.

ఆమె తలెత్తి చూసింది. పెద్దమ్మ గోడ పక్క కుర్చీలో, రెండు చేతులూ ఒళ్లో బిగించి, నేలకేసి చూస్తోంది.

భూతద్దం పుస్తకం మూసేసింది. "సరే, అయిపోయింది. అన్నవాళ్లెవరూ చెడ్డమాట అనలేదని తేలింది కదా. ఇంక ఇళ్లకి వెళ్దాం."

"వెళ్దామంటే ఎలాగే?" అమ్మ ఊరుకోలేదు. ఏడుపు తగ్గితే ఆమెకు ఆవేశం వస్తుంది. "తాడో పేడో తేలాలి. ఇక్కడ చాలు అన్నది అక్కడికి చాలదు అని ఎలా చేరింది? ఎవరు మార్చారు?"

ఎవరూ పేరెత్తలేదు. కానీ ఆరుగురి చూపులూ ఒక్కటొక్కటిగా వెళ్లి ఒంటి కుర్చీ మీద ఆగాయి. తను కుదిర్చిన సంబంధాన్ని తనే చెడగొట్టిందా అన్న అనుమానం గదిలో పొగలా కమ్ముకుంది.

భూతద్దం లేచి వెళ్లి పెద్దమ్మ కుర్చీకీ గోడకీ మధ్య సందులో మోకాళ్ల మీద కూర్చుంది. "పెద్దమ్మా, చెప్పాలని లేకపోతే చెప్పకు. నేను చూసుకుంటాను" అంది గుసగుసగా.

పెద్దమ్మ కదల్లేదు. రెప్ప కూడా వెయ్యలేదు. మాట ఆమెను చేరనే లేదు.

భూతద్దం లేచి, కుర్చీ చుట్టూ తిరిగి కుడివైపుకి వచ్చి, అదే మాట మళ్లీ చెప్పింది. ఈసారి పెద్దమ్మ తల తిప్పి ఆమె కళ్లలోకి చూసింది. చెయ్యి చాచింది.

"ఆ పుస్తకం ఇలా ఇవ్వు."

తీసుకుని, చివరి గళ్ల మీద వేలు పెట్టి ఒక్కొక్కటే చదివింది. చదివి, టెలిఫోన్ ఎక్స్‌ఛేంజిలో మాట్లాడినట్టు, తడబడకుండా అంది:

"రెండేళ్లయింది. ఎడమచెవి పోయింది. ముప్పయ్యేళ్లు ఆ చెవికే కదా గొట్టం తగిలించుకున్నాను. మొదట్లో అంతా నీళ్లలోంచి విన్నట్టుండేది. ఇప్పుడు అదీ లేదు. సగం వినపడితే మిగతా సగం నేనే కలుపుకున్నాను. సరిగ్గానే కలుపుతున్నాననుకున్నాను." ఊపిరి పీల్చుకుంది. "నా దగ్గర ఉన్న గొప్ప అదొక్కటే. వినపడట్లేదని ఏ నోటితో చెప్పుకోను?"

అమ్మ రుమాలు పక్కన పడేసి, "అక్కా!" అని పరిగెత్తి ఆమెను వాటేసుకుంది. నాన్న గొంతు సవరించుకుని, "వదినగారూ, బస్సు దిగాక నాకు రెండు మోకాళ్లూ పోయాయి. ఎవరికీ చెప్పలేదు" అన్నాడు. ఆయన ఆ వారం మాటల కోటా మొత్తం ఆ ఒక్క పూటలోనే అయిపోయింది.

కళ్లజోళ్ల అతను వచ్చి పెద్దమ్మ ముందు కూర్చున్నాడు. కుడివైపుకి జరిగి మరీ కూర్చున్నాడు. "మా దుకాణానికి రోజూ యాభై మంది వస్తారండీ, కనపడట్లేదని. ఒక్కరూ సిగ్గుపడరు. పైగా ఫ్రేము అందంగా ఉండాలని పేచీ పెడతారు. చెవికి మాత్రం ఎందుకంత గుట్టు? నా స్నేహితుడు చెవి మిషన్లు అమ్ముతాడు. రేపు పొద్దున్నే వెళ్దాం."

"అందంగా ఉంటాయా అవి?" అంది పెద్దమ్మ, ముక్కు ఎగబీలుస్తూ.

అప్పుడు హెడ్మాస్టరమ్మ లేచింది. క్లాసులో బల్లల మధ్య నడిచినట్టు నడిచి వచ్చి, పెద్దమ్మ కుడిపక్కన నిలబడింది. "పెద్దక్కగారూ, మళ్లీ చెబుతున్నాను. హాలు చాలు. అమ్మాయి ఉద్యోగం మానొద్దు. ఈ సంబంధం వదులుకోవడం నాకు ఇష్టం లేదు. మూడూ వినపడ్డాయా?"

"వినపడ్డాయి" అంది పెద్దమ్మ. "ఈ చెవి బాగానే ఉంది. అరవకండి."

గది గదంతా గొల్లుమంది. గోడవతల నుంచి చప్పట్లు వినిపించాయి. ఒకరివి కాదు. దర్శకుడు, లైట్ల వాళ్లు, చూద్దామని వచ్చిన హీరోయిన్ కూడా. తలుపు ఉత్తుత్తి తలుపు కావడంతో దర్శకుడు కిటికీలోంచి దూకి లోపలికొచ్చాడు. కళ్లు తడిగా ఉన్నాయి.

"పరుగూ లేదు, బస్టాండూ లేదు" అన్నాడు. "అందరూ ఒక్క గదిలో కూర్చున్నారు, అంతే! ఇదే నా క్లైమాక్సు. నాకిచ్చెయ్యండి."

వియ్యంకుడు పెళ్లానికేసి చూశాడు. పెళ్లాం పెద్దమ్మకేసి చూసింది. ఇది పెద్దమ్మ విషయం, నిర్ణయం పెద్దమ్మదే అని అందరికీ చెప్పకుండానే తెలిసింది.

"నా వేషం ఎవరు వేస్తారు?" అంది పెద్దమ్మ.

దర్శకుడు ఒక నటి పేరు చెప్పాడు. పెద్దమ్మ పెదవి విరిచింది. ఇంకొక పేరు చెప్పాడు. తల ఊపింది. "అయితే సరే. కానీ నన్ను తెలివితక్కువదానిలా చూపిస్తే ఊరుకోను. మాట మార్చింది చెవి. నేను కాదు."

"అలాగేనమ్మా. ఇంకేమైనా?"

"నాకొకటుంది సార్" అంది భూతద్దం. పన్నెండేళ్లలో ఆ సెట్లో తనకోసం ఏదీ అడగలేదు ఆమె. "ఈ సన్నివేశం నేనే రాస్తాను. తెర మీద రచయితల్లో నా పేరుండాలి. భూతద్దమని కాదు. నా అసలు పేరు."

దర్శకుడు నసిగాడు. ఇప్పటికే ఇద్దరు రచయితలున్నారనీ, వాళ్లు ఏమనుకుంటారో అనీ ఏదో గొణిగాడు.

"రాసిన పిల్లకే మార్కులు వెయ్యాలి" అంది హెడ్మాస్టరమ్మ. ఆ గొంతు విని ఎంతమంది ఇంజనీర్లూ డాక్టర్లూ చేతులు కట్టుకుని నిలబడ్డారో! దర్శకుడు కూడా నిలబడ్డాడు. భూతద్దం అసలు పేరేమిటో అప్పుడే మొదటిసారి అడిగి రాసుకున్నాడు.

చెప్పిన రోజునే, చెప్పిన హాల్లోనే పెళ్లి జరిగింది. ఎనభై మందికని తీసుకున్న హాల్లోకి నూట పది మంది వచ్చారు. సినిమా వాళ్లంతా పిలవకుండానే దిగబడ్డారు. చాలు అన్నది చాలలేదు గానీ, ఎవరూ ఏమీ అనుకోలేదు. పెద్దమ్మ ముదురు ఎరుపు రంగు చెవి మిషను పెట్టుకుని హాలు మధ్యలో కూర్చుని, వచ్చినవాళ్లందరికీ తల తిప్పి తిప్పి చూపించింది. రిజిస్ట్రారు, "మీ ఇద్దరికీ ఇష్టమేనా?" అని అడిగినప్పుడు వధువు వరుడి మొహంలోకి చూసి, "నీ ఇష్టం నీ నోటితో చెప్పు, వింటాను" అంది. అతను చెప్పాడు. తరవాత తనదీ చెప్పింది. ఇద్దరూ సంతకాలు చేశారు.

నాలుగు రోజుల సెలవులో రెండు రోజులు ఆమె ఆ సన్నివేశం రాస్తూనే గడిపింది. అతను పక్కన కూర్చుని పేజీలు అందుకుంటూ చదివాడు. తన పాత్ర చెప్పే మాటలు మరీ తెలివిగా ఉన్నాయని అభ్యంతరం చెప్పాడు. ఆమె వాటిని మార్చలేదు.

సినిమా విడుదలైన రోజున రెండు కుటుంబాలకీ కలిపి ఒక వరసంతా సీట్లు తీసుకున్నారు. హాలు నిండిపోయింది. మొదటి గంటలో జనం అక్కడక్కడా నవ్వారు. ఆమె ఆ నవ్వుల్ని వేళ్ల మీద లెక్కపెడుతూ కూర్చుంది. చివరి సన్నివేశం మొదలయ్యింది. తెర మీద తండ్రి గోడకు ఆనబోయి ఆగి, ఒంగి నిలబడ్డాడు. "మంచోడు, అన్నాను" అన్నాడు. హాలు ఒక్కసారిగా బద్దలయ్యింది. తరవాతి మాట ఎవరికీ వినపడనంత నవ్వు. ఆ నవ్వు తగ్గేలోపు ఇంకో నవ్వు. ఆపైన, తెర మీది పెద్దమ్మ పుస్తకం అడిగి తీసుకున్నప్పుడు, అంత హాల్లోనూ ఒక్క దగ్గు కూడా వినపడలేదు. ముందు వరసలో ఎవరో పెద్దాయన కళ్లజోడు తీసి తుడుచుకోవడం ఆమె చూసింది.

"నాకంటే కొంచెం లావుగా ఉంది" అంది పెద్దమ్మ, కళ్లు ఒత్తుకుంటూ. "కానీ బాగా చేసింది."

నాన్న ఏమీ అనలేదు. ఈసారి నొచ్చుకుని కాదు. కూతురి చెయ్యి పట్టుకుని వదల్లేదు, అంతే.

ఆ తరవాత తెర మీదికి పేర్లు వచ్చాయి. జనం లేచి బయటికి కదులుతున్నారు. ఆ వరస మాత్రం కదల్లేదు. రచన అన్న మాట కింద మూడు పేర్లు పడ్డాయి. మూడోది, పన్నెండేళ్లుగా సెట్లో ఎవరూ పలకని పేరు, ఇంత పొడుగు అక్షరాలతో.

ఎవరూ ఊహించని పని ఒకటి జరిగింది. హెడ్మాస్టరమ్మ, ముప్పయ్యారేళ్లు పిల్లల అల్లరి అణిచిన మనిషి, నిలబడి, రెండు వేళ్లు నోట్లో పెట్టుకుని ఈల వేసింది. చెవులు చిల్లులు పడే ఈల. తలుపుల దాకా వెళ్లిన జనం వెనక్కి తిరిగారు.

"అమ్మా!" అన్నాడు కొడుకు, దిమ్మెరపోయి. "నీకు ఈల వెయ్యడం వచ్చా?"

"ఎవరూ అడగలేదు కదరా" అంది ఆవిడ, మళ్లీ వేళ్లు నోటి దగ్గరికి తీసుకుపోతూ. "మా కోడలు రాసింది. అదిగో, ఆ పేరే!" అని హాలంతటికీ వినపడేలా అరిచింది.